ఒక్క ఫ్రేమూ కొయ్యొద్దు!

జపాన్‌లో కోటిమందికి పైగా థియేటర్లకు వెళ్ళి చూసిన యానిమేషన్ సినిమా అది. ఇంగ్లీషులోకి తేవాలంటే అందులో మూడో వంతు కోసెయ్యాలన్నారు. తీసినవాళ్ళు ఒప్పుకోలేదు. నిమిషం కూడా తగ్గకుండా, ఇంగ్లీషు మాటలతో ఆ సినిమా తెరకెక్కిన తీరు ఇది. డబ్బింగ్ సినిమాలు చూస్తూ పెరిగిన మనందరికీ ఇందులో పనికొచ్చే సంగతులున్నాయి.

కత్తి కానుక

న్యూయార్క్‌లో మిరామాక్స్ ఆఫీసు. బల్లకు ఒకవైపు ఆ సంస్థ అధిపతి హార్వీ వైన్‌స్టీన్. లైంగిక నేరాల కేసుల్లో తర్వాతి కాలంలో జైలుపాలైన వైన్‌స్టీన్ ఇతనే. అప్పట్లో మాత్రం హాలీవుడ్‌లో అతని మాటకు తిరుగులేదు. విదేశీ సినిమాల హక్కులు కొనడం, తనకు తోచినట్టు కత్తిరించి అమెరికాలో విడుదల చెయ్యడం అతనికి అలవాటు. అందుకే పరిశ్రమలో అతన్ని 'హార్వీ సిజర్‌హ్యాండ్స్' అనేవారు. చేతులకు బదులు కత్తెరలున్నవాడని అర్థం.

బల్లకు రెండోవైపు టోక్యో నుంచి వచ్చిన స్టూడియో ఘిబ్లీ నిర్మాత తోషియో సుజుకి. పక్కన ఘిబ్లీ విదేశీ వ్యవహారాలు చూసుకునే అమెరికన్ స్టీవ్ ఆల్పర్ట్. మాట్లాడుకోవలసింది హయావో మియజాకి తీసిన 'ప్రిన్సెస్ మోనోనోకె' గురించి. 1997 జులైలో జపాన్‌లో విడుదలై, అక్కడ 'ఈ.టి.' పేరిట ఉన్న వసూళ్ళ రికార్డును దాటేసిన సినిమా. నిడివి రెండుగంటల పావుకు కాస్త తక్కువ.

సుజుకి ఒక కానుక తెచ్చాడు. సమురాయ్‌ల చేతిలో ఉండే కటానా కత్తి అది. దాన్ని వైన్‌స్టీన్‌కు అందిస్తూ, సినిమాను దాని జపాన్ పేరుతో పిలిచి, గది అదిరేలా గొంతెత్తి ఇంగ్లీషులో అరిచాడు.

"మోనోనోకె హిమె, నో కట్!"

ఈ సంఘటనను ఆల్పర్ట్ తన జ్ఞాపకాల్లో నమోదు చేశాడు. కత్తి పంపింది మియజాకి అని లోకమంతా చెప్పుకుంది. అది తన పని కాదు, తన నిర్మాతదని మియజాకి 2005లో ఒక పత్రికకు చెప్పాడు. ఎవరు ఇచ్చినా అందులో సందేశం ఒక్కటే. సినిమాను కొయ్యొద్దు. అంత గట్టిగా ఎందుకు చెప్పాల్సి వచ్చిందో తెలియాలంటే 1985లోకి వెళ్ళాలి.

నౌసికా పోయి జాండ్రా వచ్చింది

1984 మార్చిలో మియజాకి 'నౌసికా ఆఫ్ ది వ్యాలీ ఆఫ్ ది విండ్' జపాన్‌లో విడుదలైంది. మిత్రుడు ఇసావో తకహాత దానికి నిర్మాత. మహాయుద్ధంలో నాగరికత నాశనమై వెయ్యేళ్ళయింది. విషం చిమ్మే అడవి భూమిని కమ్ముకుంటోంది. ఆ అడవికి కాపలాగా ఓమూ అనే బ్రహ్మాండమైన పురుగులు. మనుషులు వాటిని తగలబెట్టాలని చూస్తుంటారు. గాలిలోయ రాకుమారి నౌసికా మాత్రం అడవిలోకి వెళ్ళి, దాని అడుగున స్వచ్ఛమైన నీళ్ళు, మంచి మట్టి చూస్తుంది. మనుషులు పాడుచేసిన నేలను ఆ అడవే శుభ్రం చేస్తోందని గ్రహిస్తుంది. కథకు గుండెకాయ ఆ ఘట్టమే.

న్యూ వరల్డ్ పిక్చర్స్ అనే అమెరికన్ సంస్థ ఆ సినిమా కొన్నది. 117 నిమిషాల సినిమాలోంచి ఇరవై నిమిషాలకు పైగా తీసేసి, 'వారియర్స్ ఆఫ్ ది విండ్' అని పేరు మార్చి, 1985లో విడుదల చేసింది. నౌసికా పేరు జాండ్రా అయింది. అడవి గురించిన సంగతుల్లో చాలాభాగం పోయింది. ఓమూలు ఉత్త రాక్షసులుగా మిగిలాయి. పోస్టరు మీద సినిమాలో ఎక్కడా కనిపించని మగవీరులు ఆయుధాలు పట్టుకుని నిలబడ్డారు. కథానాయికను వెనక ఓ మూలకు నెట్టారు.

ఇలాంటి సినిమాకు గొంతిచ్చిన నటుల్ని తప్పుపట్టి లాభం లేదు. అడవి మేలు చేస్తోందన్న విషయమే సినిమాలో లేనప్పుడు, పురుగు మీద చెయ్యి వేసి నిమిరే అమ్మాయి ఏ మనసుతో మాట్లాడాలి? భయంతోనా, జాలితోనా, ప్రేమతోనా? కారణం కోసేశాక గొంతులో భావం ఎక్కడినుంచి వస్తుంది? డబ్బింగ్ పాడవడమన్నది మైకు దగ్గర మొదలు కాదు. అంతకు ముందే, ఎడిటింగ్ బల్ల మీద మొదలవుతుంది.

ఆ ముక్కల సినిమా సంగతి మియజాకి, తకహాతలను బాగా బాధపెట్టింది. అదే ఏడాది స్టూడియో ఘిబ్లీ పుట్టింది. ఇక మీదట విదేశాల్లో ఎవరికి సినిమా ఇచ్చినా కోతలు ఉండకూడదన్నది వాళ్ళ నియమమైంది. 'నౌసికా' పూర్తి నిడివితో, సరైన పేర్లతో, ఇంగ్లీషు గొంతులతో అమెరికా జనానికి అందడానికి 2005 దాకా పట్టింది. అప్పుడు డిస్నీ చేయించిన కొత్త డబ్బింగ్‌లో ఆలిసన్ లోమన్, పాట్రిక్ స్టీవర్ట్, ఉమా థర్మన్ లాంటివాళ్ళు గొంతిచ్చారు. మధ్యలో ఇరవై ఏళ్ళు ఇంగ్లీషు ప్రేక్షకుడికి తెలిసిన నౌసికా, జాండ్రాయే.

కొయ్యలేదు, నింపేశారు

1996లో ఘిబ్లీ మాతృసంస్థ తొకుమా షోటెన్‌కు, డిస్నీకి ఒప్పందం కుదిరింది. ఘిబ్లీ సినిమాలను డిస్నీ ప్రపంచమంతటా పంపిణీ చేస్తుంది. బొమ్మలో ఒక్క ఫ్రేమూ తియ్యకూడదు.

ఆ ఒప్పందం కింద ఇంగ్లీషులోకి వచ్చిన తొలి సినిమా 'కికీస్ డెలివరీ సర్వీస్'. మంత్రగత్తెల ఇంట పుట్టిన పదమూడేళ్ళ పిల్ల చీపురుకట్ట ఎక్కి, కొత్త ఊరికి వెళ్ళి, సొంత కాళ్ళ మీద నిలబడే కథ. 1998లో వచ్చిన ఇంగ్లీషు సినిమాలో కికీకి కిర్‌స్టెన్ డన్‌స్ట్, ఆమె నల్లపిల్లి జీజీకి హాస్యనటుడు ఫిల్ హార్ట్‌మన్ గొంతిచ్చారు. హార్ట్‌మన్ ఆ ఏడాది మే నెలలోనే హత్యకు గురయ్యాడు. ఆయన చివరి పనుల్లో ఇదొకటి.

హార్ట్‌మన్ గొప్ప నటుడు. ఆ పిల్లి నోట ప్రతి మాటా పేలింది. కాని జపాన్ సినిమాలో జీజీ అలాంటి పిల్లి కాదు. అక్కడ రెయి సకుమా అనే నటి గొంతులో అది చిన్న ప్రాణి. అణకువగా, జాగ్రత్తగా, కికీ తొందరపడ్డప్పుడల్లా నెమ్మదిగా ఒక మాట అంటుంది. ఇంగ్లీషులో అది మగగొంతుతో మాటకారి పిల్లి అయింది. జపాన్ సినిమాలో పిల్లి నోరు మెదపని చోట్ల కూడా ఇంగ్లీషులో చమత్కారాలు చేర్చారు. పిల్లి ముఖం కనిపించకపోతే చాలు, పెదవుల లెక్క అక్కర్లేదు కనుక ఏ మాటైనా ఇరికించవచ్చు. నిశ్శబ్దంగా ఉన్న చోట్ల సంగీతం కలిపారు. యుమీ మత్సుతోయా పాడిన పాటల స్థానంలో కొత్త ఇంగ్లీషు పాటలు పెట్టారు.

ఇక చివరి ఘట్టం. కథ మధ్యలో కికీ శక్తులు సన్నగిల్లి, జీజీ మాటలు ఆమెకు అర్థం కావడం మానేస్తాయి. జపాన్ సినిమాలో ఎగిరే శక్తి తిరిగొచ్చినా పిల్లి మాట మాత్రం తిరిగిరాదు. అది కేవలం పిల్లిలా అరుస్తుంది. పిల్లకు బాల్యం దాటిందని ప్రేక్షకుడు గ్రహిస్తాడు, గొంతులో చిన్న బాధ అడ్డుపడుతుంది. 1998 ఇంగ్లీషు సినిమాలో పిల్లి చివర మళ్ళీ మాట్లాడుతుంది. ఆ ఒక్క మాటతో కథకు అర్థమే మారిపోయింది. పన్నెండేళ్ళ తర్వాత కొత్త డీవీడీ తెచ్చినప్పుడు డిస్నీ ఇలాంటి చేర్పుల్లో కొన్నిటిని తానే తొలగించింది.

ఒప్పందం ప్రకారం చూస్తే డిస్నీ తప్పు చెయ్యలేదు. ఒక్క ఫ్రేమూ పోలేదు. పోయింది నిశ్శబ్దం. దానికి ఒప్పందంలో రక్షణ లేదు.

రాయి మీద చినుకు

'మోనోనోకె' డిస్నీ అనుబంధ సంస్థ మిరామాక్స్ చేతికి వెళ్ళింది. పిల్లల సినిమా కాదిది. తలలు, చేతులు తెగిపడతాయి. అడవిని నరికి ఇనుము కరిగించే బట్టీలు నడిపే ఎబోషీ, వెలివేసిన కుష్ఠురోగులకు, వేశ్యావాటికల నుంచి విడిపించిన ఆడవాళ్ళకు అన్నంపెట్టే తల్లి కూడా. అడవికోసం ఆమెను చంపాలని తిరిగే సాన్, తోడేలు పెంచిన మనిషి పిల్ల. ఇద్దరి మధ్య శాపం తగిలిన చెయ్యితో అషితాక. ఇందులో ఎవరూ పూర్తి చెడ్డవాళ్ళు కారు. అలాంటి కథకు ఇంగ్లీషు మాటలు రాయడం మామూలు అనువాదకుడి వల్ల అయ్యే పని కాదు.

మిరామాక్స్ మొదట క్వెంటిన్ టరాంటినోను అడిగింది. ఆయన నీల్ గైమన్ పేరు చెప్పాడు. 'సాండ్‌మన్' కామిక్స్‌తో పేరు తెచ్చుకున్న బ్రిటిష్ రచయిత. సినిమా చూసి, కుదరదని మర్యాదగా చెప్పేద్దామనుకునే గైమన్ ప్రివ్యూకు వెళ్ళాడు.

తెర మీద ఒక రాయి. దాని మీద ఒక చినుకు పడింది. పడ్డచోట చిన్న మచ్చ. ఇంకో చినుకు, ఇంకో మచ్చ. అలా ఒక్కో చుక్కకూ రాయి రంగు మారుతూ, చివరికి మొత్తం తడిసి నల్లబడింది. కథకు ఏమాత్రం అవసరం లేని షాట్. దానికోసం ఎవరో కూర్చుని ఒక్కో బొమ్మా గీశారు. ఆ షాట్ చూశాకే తన మనసు మారిందని గైమన్ తర్వాత చెప్పుకొచ్చాడు. ఈ పని చెయ్యాలని అప్పుడే అనుకున్నాడు.

వైన్‌స్టీన్ కోరుకున్నట్టు సినిమాను తొంభై నిమిషాలకు కోస్తే మొట్టమొదట పోయే షాట్ అదే. అది పోయి ఉంటే సినిమాకు ఇంగ్లీషు మాటల రచయితే దొరికేవాడు కాదు.

గైమన్‌కు ఇచ్చినది మాటకు మాటగా చేసిన అనువాదం. అందులో ఒక చిన్న ఘట్టం. జీగో అనే సన్యాసి బజారులో గిన్నెడు సూప్ తాగి, ఇది వేడినీళ్ళలా ఉందంటాడు. జపాన్ ప్రేక్షకుడికి అది వంటమనిషి ముఖం మీద కొట్టినట్టే. మనకూ 'నీళ్ళచారు' అంటే చాలు, ఎంత తిట్టో తెలుస్తుంది. ఇంగ్లీషు ప్రేక్షకుడికి మాత్రం అందులో పస లేదు. గైమన్ దాన్ని గాడిద మూత్రంతో పోల్చాడు. మాట మారింది, తిట్టు నిలిచింది. సన్యాసి ఎంత నోటిదురుసు మనిషో మొదటి పరిచయంలోనే తెలిసిపోయింది. 'కికీ'లో పిల్లికి చేర్చిన మాటలకూ దీనికీ తేడా చూడండి. అక్కడ లేనిదాన్ని కల్పించారు. ఇక్కడ ఉన్నదాన్ని కాపాడారు.

మూడు బీప్‌ల తర్వాత

డబ్బింగ్ గదిలో పని ఎలా జరుగుతుందో ఒకసారి చూద్దాం. చీకటి గది. ఎదుట తెర. మైకు ముందు నటుడొక్కడే. చెవుల్లో మూడు బీప్‌లు వినిపిస్తాయి. నాలుగోది పడవలసిన క్షణానికి నోరు విప్పాలి. తెర మీద బొమ్మ పెదవులు ఆగినప్పుడు ఆగాలి. సెకనులో చిన్న భాగం అటూఇటూ అయినా మళ్ళీ మొదటికి.

జపాన్‌లో యానిమేషన్ సినిమాలకు సాధారణంగా బొమ్మ ముందు, గొంతు తర్వాత. నోరు తెరిచినట్టు, సగం తెరిచినట్టు, మూసినట్టు రెండు మూడు రకాల బొమ్మలతో సంభాషణ నడిపిస్తారు. నటులంతా ఒకే గదిలో, కొద్దిపాటి మైకుల ముందు నిలబడి, ఒకరి మాట వింటూ ఇంకొకరు చెబుతారు. డిస్నీ సంప్రదాయం దీనికి సరిగ్గా వ్యతిరేకం. ముందు గొంతు, ఆ గొంతుకు తగ్గట్టు పెదవులు. అలాంటి బొమ్మలు చూసి పెరిగిన అమెరికన్ కంటికి జపాన్ పెదవుల మీద ఇంగ్లీషు అతకలేదంటే ఇట్టే తెలిసిపోతుంది. పైగా అక్కడ డబ్బింగ్‌లో ఒక్కో నటుడూ విడివిడిగా వచ్చి తన మాటలు చెప్పి వెళ్ళడమే ఎక్కువ. తెరమీద ఇద్దరూ దెబ్బలాడుకుంటుంటారు. గదిలో మాత్రం ఎదుటి మనిషే లేడు.

వాక్యం నడక ఇంకో చిక్కు. జపాన్ భాషలో క్రియ చివరకు వస్తుంది. 'అతన్ని నేను చంప...' వరకు చెప్పి పాత్ర ఆగవచ్చు. చంపుతుందో చంపదో ఆ తర్వాత తేలుతుంది. ఆ ఆగడంలోనే నటన ఉంటుంది, ఆ క్షణంలోనే కెమెరా కళ్ళ మీదికి వెళుతుంది. ఇంగ్లీషులో కాదన్న మాట ముందే బయటపడుతుంది. కళ్ళు చెప్పవలసిన సంగతిని నోరు అప్పటికే చెప్పేసి ఉంటుంది. రచయిత వాక్యాన్ని విరిచి, కొత్తగా కట్టి, ఆ ఉత్కంఠను మళ్ళీ పుట్టించాలి. అదీ పెదవుల లెక్క తప్పకుండా. మ, బ, ప లాంటి చోట్ల పెదవులు మూతపడి తీరాలి కనుక ఎంత మంచి మాట దొరికినా ఒక్కోసారి వదులుకోవాలి.

'మోనోనోకె'కు డబ్బింగ్ దర్శకుడు జాక్ ఫ్లెచర్. అషితాకకు బిల్లీ క్రూడప్, సాన్‌కు క్లెయిర్ డేన్స్, ఎబోషీకి మినీ డ్రైవర్, జీగోకు బిల్లీ బాబ్ థార్న్‌టన్, కళ్ళు పోయిన వరాహరాజు ఒక్కోతోకు కీత్ డేవిడ్ గొంతిచ్చారు. వీళ్ళలో మినీ డ్రైవర్ చేసిన పని ఇప్పటికీ పాఠంలా వినవచ్చు. ఎబోషీ ఎక్కడా అరవదు. శత్రువు ఎదుటకు వచ్చినా గొంతు పెరగదు. ఆ స్థిమితంలోనే ఆమె అధికారమంతా ఉంది. కీత్ డేవిడ్ గొంతులో వరాహరాజు ముసలితనం, కోపం, ఓటమి మూడూ ఒక్కసారి పలుకుతాయి. థార్న్‌టన్ అమెరికా దక్షిణాది యాస మాత్రం మధ్యయుగపు జపాన్ సన్యాసికి అతకలేదు. పెద్ద పేరు చూసి గొంతు ఎంచుకుంటే ఇలాగే అవుతుంది.

తోడేలు తల్లి

ఈ సినిమాలో అన్నిటికంటే కష్టమైన గొంతు మోరోది. మూడు వందల ఏళ్ళ తోడేలు దేవత, సాన్‌ను పెంచిన తల్లి. జపాన్‌లో ఆ పాత్రకు గొంతిచ్చింది అకిహిరో మివా అనే పురుషుడు. రంగస్థలం మీద స్త్రీపాత్రలతో ప్రసిద్ధి పొందిన గాయకుడు, నటుడు. ఆయన రికార్డింగ్‌కు వచ్చినప్పుడు ఒక్కోతో ప్రస్తావన ఉన్న చోట మియజాకికి ఏదో సరిపోలేదు. మివాకు ఒక చిన్న రహస్యం చెప్పాడు. ఈ తోడేలు, ఆ వరాహం ఒకప్పుడు ప్రేమించుకున్నాయని. సినిమాలో ఆ సంగతి ఎక్కడా లేదు. అది విన్నాక మివా గొంతులో అదే మాట వేరేగా పలికింది. సినిమా తయారీ మీద తీసిన డాక్యుమెంటరీలో ఈ ఘట్టాన్ని చూడవచ్చు.

ఇంగ్లీషులో మోరోకు గొంతిచ్చింది 'ఎక్స్-ఫైల్స్' నటి జిలియన్ ఆండర్సన్. మివాను అనుకరించాలని ఆమె చూడలేదు. గొంతు దించి, తొందర లేకుండా, చావు దగ్గరపడ్డ తల్లిలా మాట్లాడింది. రాత్రివేళ కొండరాయి మీద మోరో పడుకుని ఉంటుంది, కింద గట్టు మీద అషితాక. తన నుంచి తప్పించుకోవడానికి మనుషులు పసిపిల్లను తన కాళ్ళ దగ్గర విసిరేసి పారిపోయారని, ఆ పిల్లే సాన్ అని తోడేలు చెబుతుంది. ఈ ఘట్టాన్ని రెండు భాషల్లో వెంటవెంటనే చూడండి. మివా గొంతులో మనుషుల మీద అసహ్యం ముందు వినిపిస్తుంది, ఆండర్సన్ గొంతులో పిల్ల మీద దిగులు ముందు వినిపిస్తుంది. రెండూ మోరోలో ఉన్నవే. మూలం దేవతను వినిపించింది, డబ్బింగ్ తల్లిని వినిపించింది. మివాకు దొరికినట్టు పక్కన నిలబడి రహస్యం చెప్పే దర్శకుడు డబ్బింగ్ నటులకు దొరకడు. అయినా ఆండర్సన్ తన దారి తాను వెతుక్కుంది.

బెదిరింపు

1999 శరదృతువులో సినిమా అమెరికా చేరింది. మియజాకి కూడా వచ్చాడు. కత్తి అందుకున్న వైన్‌స్టీన్ కోత ఆశ వదులుకోలేదు. న్యూయార్క్ చలనచిత్రోత్సవంలో ప్రదర్శన అయ్యాక, మియజాకిని ఒప్పించి తొంభై నిమిషాలకు తగ్గించకపోతే ఈ పరిశ్రమలో ఇంకెక్కడా పని దొరకదని తన మీద అరిచాడని ఆల్పర్ట్ రాశాడు. ఆల్పర్ట్ లొంగలేదు. మియజాకి లొంగలేదు. ఒప్పందం వాళ్ళ పక్షాన ఉంది. ఆ అక్టోబరు నెలాఖరున సినిమా పూర్తి నిడివితో, కొద్ది థియేటర్లలో మాత్రం విడుదలైంది. మొత్తం వసూళ్ళు సుమారు 23 లక్షల డాలర్లు. జపాన్ లెక్కల ముందు ఏమీ కాదు.

మరుసటి ఏడాది డీవీడీలో ఇంగ్లీషు డబ్బింగ్ ఒక్కటే ఉంటుందని మిరామాక్స్ ప్రకటించింది. అభిమానులు ఊరుకోలేదు. జపాన్ గొంతులు కూడా కావాలని ఉత్తరాలతో, సంతకాలతో పట్టుబట్టారు. సంస్థ దిగివచ్చింది. విడుదల వాయిదా వేసి, 2000 డిసెంబరులో రెండు భాషలతో డీవీడీ తెచ్చింది. డబ్బింగ్‌కు ఇంతకంటే మేలు చేసిన గెలుపు లేదు. పక్కనే మూలం ఉంటే ప్రేక్షకుడు పోల్చి చూస్తాడు. చేసినవాళ్ళకు ఆ భయం ఉంటుంది. భయం ఉన్నచోట పని శుభ్రంగా జరుగుతుంది.

చప్పట్ల మధ్య ఖాళీ

2002లో విమర్శకుడు రోజర్ ఈబర్ట్ మియజాకిని కలిసి ఒక ప్రశ్న అడిగాడు. మీ సినిమాల్లో పాత్రలు ఊరికే కూర్చుంటాయి, నిట్టూరుస్తాయి, ఏటిని చూస్తాయి, కథకు అక్కర్లేకపోయినా అవెందుకు? మియజాకి మూడు నాలుగుసార్లు చప్పట్లు కొట్టాడు. చప్పట్లకూ చప్పట్లకూ మధ్యనున్న ఖాళీని జపాన్‌లో 'మా' అంటామని, ఊపిరి తీసుకునే ఆ చోటు లేకపోతే మిగిలేది ఉత్త హడావిడేనని చెప్పాడు.

ఆ సంభాషణ మియజాకి 'స్పిరిటెడ్ అవే' అమెరికా విడుదల సందర్భంలో జరిగింది. పిక్సార్ దర్శకుడు జాన్ లాసెటర్ పూనుకుని ఇంగ్లీషు డబ్బింగ్‌ను దగ్గరుండి నడిపించాడు. 'బ్యూటీ అండ్ ది బీస్ట్' దర్శకుల్లో ఒకరైన కర్క్ వైజ్ డబ్బింగ్‌కు దర్శకత్వం వహించాడు. సిండీ, డొనాల్డ్ హెవిట్ దంపతులు మాటలు రాశారు. కథానాయిక చిహిరోకు గొంతిచ్చిన డేవీ చేజ్ అప్పటికి చిన్నపిల్లే. మంత్రగత్తె యుబాబాకు సుజాన్ ప్లెషెట్, బట్టీగది కమాజీకి డేవిడ్ ఆగ్డెన్ స్టయర్స్. పేరున్న ముఖాల కోసం వెతకలేదు, పాత్రకు సరిపడే గొంతుల కోసం వెతికారు. 2003 మార్చిలో ఆ సినిమాకు ఉత్తమ యానిమేషన్ చిత్రంగా ఆస్కార్ వచ్చింది.

అంత మంచి డబ్బింగ్‌లోనూ ఒక లోటుంది. చివర చిహిరో తల్లిదండ్రులతో సొరంగం దాటి వచ్చి కారెక్కుతుంది. జపాన్ సినిమాలో ఆమె జరిగిందేదీ చెప్పదు, ఎవరూ అడగరు. కారు వెళ్ళిపోతుంది. పిల్లకు ఎంత గుర్తుందో, ఎంత మరిచిందో ప్రేక్షకుడికే వదిలేశాడు దర్శకుడు. ఇంగ్లీషులో తండ్రి కొత్త ఇల్లు, కొత్త బడి అంటే కాస్త భయమే కదా అంటాడు. తట్టుకోగలననుకుంటున్నానని పిల్ల జవాబు చెబుతుంది. రెండే మాటలు. కాని రెండు గంటలపాటు బొమ్మ చెప్పినదాన్ని నోటితో తేల్చి చెప్పేశాయి. 'కికీ'లో మొదలైన రోగం చాలావరకు తగ్గినా, పూర్తిగా పోలేదు.

మన గొంతులు

తెలుగువాళ్ళకు డబ్బింగ్ విలువ వేరేగా చెప్పక్కర్లేదు. కమల్ హాసన్ తెలుగు గొంతంటే మనకు ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం. 'గాంధీ'లో బెన్ కింగ్స్‌లీకి తెలుగు గొంతూ ఆయనదే. 'అరుంధతి'లో సోనూ సూద్ పాత్రతో ఊరూరా జనాన్ని భయపెట్టింది పి. రవిశంకర్ గొంతు.

జపాన్ యానిమేషన్ కూడా మన భాషలోకి వచ్చేసింది. యుగో సాకో జపాన్‌లో నిర్మించిన 'రామాయణ: ది లెజెండ్ ఆఫ్ ప్రిన్స్ రామా' 1990ల మొదట్లో భారతీయ నటుల ఇంగ్లీషు గొంతులతో తయారైంది. 2025 జనవరిలో తెలుగుతో సహా పలు భాషల్లో థియేటర్లకు వచ్చింది. మన విజయేంద్రప్రసాద్ ఆ విడుదలకు సృజనాత్మక సహకారం అందించారు. అదే ఏడాది సెప్టెంబరులో 'డీమన్ స్లేయర్: ఇన్ఫినిటీ కాజిల్' తెలుగు గొంతులతో విడుదలైంది. జపాన్ బొమ్మ తెలుగులో మాట్లాడటం ఇక వింత కాదు.

పైగా ఈ పనిలో ఇంగ్లీషుకు లేని వసతి మనకుంది. తెలుగు వాక్యంలోనూ క్రియ చివరకే వస్తుంది. పాత్ర ఎక్కడ ఆగితే మన మాటా అక్కడే ఆగగలదు. నువ్వు, మీరు, గారు, అమ్మగారు, అన్నయ్యా అంటూ మనుషుల మధ్య దూరాన్నీ దగ్గరితనాన్నీ పిలుపులోనే చెప్పే మర్యాద జపాన్ భాషకున్నట్టే మనకూ ఉంది. ఇంగ్లీషు రచయిత చెమటోడ్చి సాధించినవి మనకు పుట్టుకతో వచ్చాయి. వాటిని వాడుకోకుండా, ఇంగ్లీషు డబ్బింగ్‌ను ముందు పెట్టుకుని తెలుగు చేస్తే మాత్రం ఇంగ్లీషులో పోయిన ప్రతిదీ మనకూ పోతుంది.

అందుకే తెలుగులో డబ్బింగ్ చేయించే సంస్థలకు మూడు విన్నపాలు. మాటల రచయితకు జపాన్ మూలం నుంచి నేరుగా చేసిన అనువాదం ఇవ్వండి, పని చెయ్యడానికి వ్యవధి ఇవ్వండి. మూలంలో మౌనం ఉన్నచోట మాటలు, సంగీతం చేర్చకండి. మాటలు రాసినవారి పేరు, గొంతిచ్చినవారి పేర్లు పోస్టరు మీద వెయ్యండి. ప్రేక్షకులకు ఒక మనవి. డబ్బింగ్ బాగుంటే ఆ పేర్లు గుర్తుపెట్టుకోండి, బాగాలేకపోతే గట్టిగా అడగండి. 2000లో అమెరికా అభిమానులు అడిగారు కనుకనే వాళ్ళకు రెండు భాషల్లో సినిమా దొరికింది.